బురద నేలను ఖాళీ జాగా అని రాయకండి

సంపాదకులకు నమస్కారం.

సముద్రతీరంలో పోర్టో ఫ్యాక్టరీయో వస్తోందని వార్త వచ్చినప్పుడల్లా మీ పత్రికలోనూ, నేను చదివే మిగతా పత్రికల్లోనూ 'నిరుపయోగంగా పడి ఉన్న బురద నేల' అనే మాట కనిపిస్తుంటుంది. అది చదివిన ప్రతిసారీ నాకు ఒక పిట్ట గుర్తొచ్చి మనసు చివుక్కుమంటుంది. ఆ పిట్ట గురించి చెప్పాలనే ఈ ఉత్తరం.

ఇంగ్లీషులో దాన్ని స్పూన్-బిల్డ్ శాండ్‌పైపర్ అంటారు, మనం చెంచాముక్కు ఉల్లంకి అనుకుందాం. పిచ్చుకంత ఉంటుంది, బరువు 30 గ్రాములు. ముక్కు చివర చెంచాలా వెడల్పుగా ఉంటుంది, అదీ పెరిగాక వచ్చేది కాదు, గుడ్డు పగిలి బయటికి వచ్చేటప్పుడే పిల్లకు ఆ ముక్కు ఉంటుంది. ఎండాకాలంలో రష్యా ఈశాన్య కొసన ఉన్న చుకోత్కాలో గుడ్లు పెట్టి, చలికాలానికి సుమారు 8,000 కిలోమీటర్లు ఎగిరి మయన్మార్, బంగ్లాదేశ్ తీరాలకు, అంటే మన బంగాళాఖాతం ఒడ్డుకే వస్తుంది. ప్రపంచం మొత్తం మీద ఈ జాతిలో ఎదిగిన పిట్టలు ఇప్పుడు కొన్ని వందలే ఉన్నాయి. 2008 నుంచీ ఇది అంతరించే ప్రమాదం అత్యంత తీవ్రంగా ఉన్న జాతుల జాబితాలో ఉంది.

ఇంత దూరం ఒక్క ఊపున ఎగరలేదు కదా, దారిలో ఆగి తినాలి. అది ఆగేది చైనాకూ కొరియాకూ మధ్య ఉన్న పసుపు సముద్రం ఒడ్డున, పోటు వస్తే మునిగి పాటు తీస్తే తేలే బురద మీద. దక్షిణ కొరియాలో సేమాంగమ్ అనే చోట 33 కిలోమీటర్ల పొడవున గోడ కట్టి 2006లో సముద్రాన్ని మూసేశారు. లోపల బురద ఎండిపోయింది, వేల వేల పక్షుల తిండి పోయింది. అక్కడా దాన్ని ఖాళీ నేల అనే అనుకున్నారు. పక్షికి అది దారిలో ఉన్న ఒకే ఒక్క అన్నం పళ్ళెం, మరి.

ఇంకో దెబ్బ వలలది. మయన్మార్, బంగ్లాదేశ్ తీరాల్లో పేదవాళ్ళు కూర కోసం పెద్ద పక్షులకు వలలు పెడితే ఈ బుల్లి పిట్ట కూడా అందులో చిక్కుకునేది. నాకు బాగా నచ్చిన సంగతి ఇక్కడే ఉంది. వాళ్ళను తిట్టి, కేసులు పెట్టి ఊరుకోకుండా, పక్షుల మీద పనిచేసేవాళ్ళు ఊళ్ళకు వెళ్ళి కూర్చుని మాట్లాడి, వేట మానేసినవాళ్ళకు వేరే బతుకుతెరువు చూపించారు. బంగ్లాదేశ్‌లోని సోనాదియా దీవిలో ఇలా చాలామంది వేటగాళ్ళు వలలు వదిలేశారు. ఆకలితో ఉన్నవాణ్ణి పక్కన పెట్టి పక్షిని కాపాడడం కుదరదని నేను గట్టిగా నమ్ముతాను.

చుకోత్కాలో ఇంకో పని జరిగింది. గూట్లో నాలుగు గుడ్లుంటే, నక్కలూ వానలూ చలీ దాటుకుని సగటున ఒక్క పిల్ల కూడా ఎగిరే దశకు రాదు. అందుకని 2012 నుంచి కొన్ని గూళ్ళలోని గుడ్లు తెచ్చి పొదిగించి, పిల్లల్ని రెక్కలొచ్చేదాకా పెంచి, కాలికి చిన్న రంగు పలక తగిలించి వదిలారు. అవి వేల కిలోమీటర్ల అవతల బురదలో మేస్తూ మళ్ళీ కనిపించాయంటే, పెద్దవాళ్ళెవరూ దారి చూపకుండానే వెళ్ళాయంటే, నాకు ఒళ్ళు గగుర్పొడుస్తుంది.

కానీ ఎన్ని పిల్లల్ని పెంచి వదిలినా దిగడానికి బురద లేకపోతే ఏం లాభం? అదృష్టం కొద్దీ ఆ విషయంలో కొంత మార్పొచ్చింది. సముద్రాన్ని పూడ్చే మామూలు ప్రాజెక్టులను ఆపేస్తున్నామని చైనా 2018లో ప్రకటించింది. మరుసటి ఏడాది అక్కడి పసుపు సముద్రపు బురద నేలల్లో కొంత భాగం, 2021లో కొరియా బురద నేలలు ప్రపంచ వారసత్వ జాబితాలో చేరాయి. నిన్నటిదాకా పనికిరానిదన్న నేలే!

అందుకే నా కోరిక ఒక్కటే. ఈసారి అలాంటి వార్త వస్తే, ప్రాజెక్టువాళ్ళు ఇచ్చిన కాగితంలో మాటలు యథాతథంగా వేయకుండా, మీ విలేకరిని సముద్రం పాటు తీసిన వేళ అక్కడికి పంపండి. ఏ పిట్టలు మేస్తున్నాయో, ఎవరు పీతలు పట్టుకుంటున్నారో చూసి నాలుగు వాక్యాలు రాయమనండి.

ఇట్లు,
మీ పాఠకుడు