చిక్కదనానికి క్రీమ్ అక్కర్లేదు

సంపాదకులకు,

వంటల పేజీల్లో కప్పు క్రీమ్ పోయించి, దాన్నే ‘తేలికపాటి సూప్’ అనడం విడ్డూరం. నలుగురికి ఒక టీస్పూను నూనె చాలు. సన్నగా తరిగిన ఉల్లిపాయ, రెండు క్యారెట్లు, చిటికెడు ఉప్పు వేసి, సన్నసెగ మీద మూతపెట్టి పది నిమిషాలు మగ్గనివ్వాలి. అడుగంటుతుంటే చల్లాల్సింది నీళ్లు, నూనె కాదు. ఈ మగ్గబెట్టడం ఎగ్గొడితే రుచి ఉండదు, ముక్కలు తేలే వేడినీళ్లే మిగులుతాయి.

తర్వాత అరకప్పు మసూర్ పప్పు, ఒక బంగాళాదుంప, లీటరుంపావు నీళ్లు. పప్పు మెత్తబడ్డాకే టమాటా. ముందే వేస్తే ఆ పులుపుకి పప్పూ దుంపా ఓ పట్టాన ఉడకవు. చాలామంది పొరబడేది ఇక్కడే. బీన్స్ చివరి ఎనిమిది నిమిషాల్లో, పాలకూర దించేముందు.

చిక్కదనం కోసం, ఆకుకూర వేయకముందే మూడోవంతు తీసి పప్పుగుత్తితో మెదిపి మళ్లీ కలపాలి. మిక్సీ వద్దు: వేడిమీద తిప్పితే ఆవిరికి మూత ఎగురుతుంది, ఎక్కువసేపు తిప్పితే దుంప జిగురవుతుంది.

మర్నాటికి గట్టిపడితే వేడినీళ్లు పోసి కాచి, ఉప్పు మళ్లీ చూసుకోవాలి.

– ఒక పాఠకురాలు