క్లాష్ బృందాన్ని అలా తేల్చేయడం తగదు

సంపాదకుడు గారికి నమస్కారం.

గత ఆదివారం అనుబంధంలో పాశ్చాత్య సంగీతంపై వచ్చిన వ్యాసం పంక్ రాక్ అంటే వాయించడం చేతకానివాళ్ల కేకలని తేల్చేసి, లండన్‌కు చెందిన ద క్లాష్ బృందాన్నీ ఆ గాటనే కట్టేసింది. 1977లో వచ్చిన వారి తొలి ఆల్బమ్‌కు ఆ మాట కొంతవరకు చెల్లుతుందని నేనూ ఒప్పుకుంటాను. జో స్ట్రమ్మర్ పాడుతుంటే సగం మాటలు నమిలి మింగినట్టే ఉంటాయి. బేస్ గిటార్ వాయించిన పాల్ సిమోనన్‌కైతే బృందంలో చేరేనాటికి ఆ వాద్యమే రాదు, బృందంలోని గిటారిస్ట్ మిక్ జోన్స్ దగ్గర నేర్చుకున్నాడు. అయితే రెండేసి నిమిషాల్లో ముగిసే పాటల నడుమ, అదే ఆల్బమ్‌లో, జమైకా గాయకుడు జూనియర్ మర్విన్ పాడిన రెగే (జమైకాలో పుట్టిన సంగీత శైలి) పాటను వారు ఆరు నిమిషాల పాటు తీరిగ్గా వాయించిన సంగతి వ్యాసకర్త చెవిన పడినట్టు లేదు. సిమోనన్ జమైకా కుటుంబాలు ఎక్కువగా ఉండే బ్రిక్స్‌టన్‌లో పెరిగినవాడు కనుక రెగే ఆయనకు అరువు సొమ్ము కాదు. డ్రమ్మర్ టాపర్ హెడన్ చేరాక వారి లయకు పట్టు కుదిరింది, 1979 డిసెంబరులో వచ్చిన 'లండన్ కాలింగ్' నాటికి స్కా, రాకబిలీ, జాజ్ వరసలు కూడా వారి పాటల్లో సహజంగా ఇమిడిపోయాయి.

ఆ ఆల్బమ్‌ను రెండు రికార్డులుగా తెచ్చి ఒక్క రికార్డు ధరకే అమ్మించారు. మరుసటి ఏడాది 'శాండినిస్టా'ను మూడు రికార్డులుగా తక్కువ ధరకు ఇవ్వడానికి, బ్రిటన్‌లో అమ్ముడయ్యే తొలి 2 లక్షల ప్రతులపై తమ రాయల్టీని వదులుకున్నారు. (దానిలోని 36 పాటల్లో ఓ పన్నెండు తీసేసినా ఎవరికీ లోటు తెలియదన్నది వేరే విషయం.)

వ్యాసం అసలు ప్రస్తావించనిది, భారతీయ పాఠకులకు ముందుగా చెప్పవలసినది మరొకటి ఉంది. 1978 ఏప్రిల్ 30న లండన్ విక్టోరియా పార్కులో జాతి విద్వేషానికి వ్యతిరేకంగా జరిగిన భారీ కచేరీలో క్లాష్ పాడింది. మరుసటి ఏప్రిల్‌లో, పంజాబీలు ఎక్కువగా నివసించే లండన్‌లోని సౌతాల్‌లో, వలసదారులను వ్యతిరేకించే నేషనల్ ఫ్రంట్ పార్టీ సభ పెట్టడంతో స్థానికులు వీధుల్లోకి వచ్చారు. ఆనాటి ఘర్షణలో బ్లేర్ పీచ్ అనే ఉపాధ్యాయుడు మరణించాడు, వందలాది మంది అరెస్టయ్యారు. వారి కోర్టు ఖర్చుల కోసం ఆ జూలైలో రెయిన్‌బో థియేటర్‌లో ఏర్పాటైన విరాళ కచేరీలలో పాడిన బృందాలలో క్లాష్ కూడా ఉంది. మనవాళ్ల పక్షాన ఆనాడు నిలబడిన గొంతులను కేకలని కొట్టిపారేసేటప్పుడు ఈ చరిత్ర ఒక్క వాక్యంలోనైనా ఉండాలి కదా.

1983లో జోన్స్‌ను తొలగించడంతో బృందం దెబ్బతింది, 1986లో ముగిసిపోయింది. ఇందులో వ్యాసకర్త చెప్పినది నిజమే. అయితే వారి 1982 నాటి 'స్ట్రెయిట్ టు హెల్' వలస వచ్చినవారిని వెళ్లగొట్టే మాటల గురించిన పాట. దాని సంగీతపు తునకపైనే శ్రీలంక తమిళ మూలాలున్న గాయని ఎం.ఐ.ఎ. తన 'పేపర్ ప్లేన్స్' పాటను కట్టింది. 'స్లమ్‌డాగ్ మిలియనీర్' చూసిన మీ పాఠకులందరూ దాన్ని ఇప్పటికే విన్నారు.

– ఒక పాఠకుడు, విశాఖపట్నం