సియోల్ మిత్రులకు కృతజ్ఞతలు

1987లో దక్షిణ కొరియా విద్యార్థులు చున్ డూ హ్వాన్ సైనిక నియంతృత్వాన్ని ఎదిరించిన తీరుపై నేను రాస్తున్న వ్యాసం ఈ వారం పూర్తయింది. ఆనాడు ఆ వీధుల్లో నినదించి, ఇప్పుడు అరవై ఏళ్ళకు అటూ ఇటూగా ఉన్న నలుగురు మిత్రులు తమ ఆదివారాలను నాకోసం వదులుకోకపోతే అది నాలుగు పేరాలు దాటేది కాదు. వారి కోరిక మేరకు పేర్లు రాయడం లేదు.

ఆ ఏడాది జనవరి 14న విద్యార్థి పార్క్ జోంగ్ చుల్‌ను పోలీసులు నీళ్ళలో ముంచి హింసించి చంపి, బల్ల చరిస్తే కుప్పకూలాడని బుకాయించారు. ఆ ఘోరం జరిగిన నమ్యొంగ్‌డాంగ్ పోలీసు విచారణ భవనానికి నన్ను తీసుకువెళ్ళిన మిత్రుడు, ఐదో అంతస్తుకు చేర్చే మెలికల మెట్ల దగ్గరే ఆగిపోయి, నన్ను చూసి రమ్మన్నారు. పైన కిటికీలు సన్నని చీలికల్లా ఉన్నాయి.

నిరసనల్లో పోలీసులు వదిలే బాష్పవాయువు మంటకు విరుగుడుగా ఈ మిత్రులు కళ్ళ కింద టూత్‌పేస్టు పూసుకునేవారట. నిజంగా పనిచేసేదా అని అడిగితే, పెద్దగా లేదు గానీ జేబులో ఉంటే ధైర్యంగా ఉండేదని నవ్వారు.

విద్యార్థులే నియంతృత్వాన్ని కూల్చారని రాసిన నా వాక్యాన్ని వారు కొట్టివేయించారు. జూన్ 10న, దేశవ్యాప్త నిరసనకు మద్దతుగా సాయంత్రం ఆరింటికి హారన్లు మోగించిన డ్రైవర్లు, టైలతోనే రోడ్డెక్కిన ఉద్యోగులు లేకపోతే, జూన్ 29న, చున్ వారసుడిగా నిలిచిన అధికార పక్ష అభ్యర్థి రో టే వూ, అధ్యక్షుడిని ప్రజలే ఎన్నుకునే ప్రత్యక్ష ఎన్నికలకు తలవంచేవాడు కాదని వారి వాదన. అక్కడితో వ్యాసం ముగించనివ్వలేదు కూడా. డిసెంబరు అధ్యక్ష ఎన్నికల్లో ప్రతిపక్ష నేతలు కిమ్ యంగ్ సామ్, కిమ్ డే జంగ్ విడివిడిగా పోటీ చేయడం వల్ల అదే రో టే వూ 37 శాతం కన్నా తక్కువ ఓట్లతో గెలిచాడనీ, ఎవరిని బలపరచాలన్న దానిపై విద్యార్థులూ చీలిపోయారనీ రాసి తీరాలన్నారు. ఆ చీలికలో చెరొక పక్క నిలిచి, కొన్నేళ్ళు మాటలు మానేసిన ఇద్దరు నా ఎదుట పక్కపక్కనే కూర్చొని ఆ పేరా చెప్పించారు. వారి తప్పును వారే పట్టుబట్టి రాయించడం నాకు అన్నిటికన్నా విలువైన సాయం.

అక్కడ చదువుకుంటూ, ప్రతి సంభాషణనూ తెలుగులోకి మార్చి చెప్పిన గుంటూరు అమ్మాయికి ప్రత్యేక కృతజ్ఞతలు. మిగిలిన లోపాలన్నీ నావే.

అచ్చయ్యాక నాలుగు ప్రతులు సియోల్‌కు పంపుతాను. తెలుగు చదవలేకపోయినా, డిసెంబరు పేరా ఏ పుటలో ఉందో గుర్తుపెట్టి పంపమని వారిలో ఒకరు ఇప్పటికే చెప్పారు.