కలెక్టర్ గారూ, ఆ 90 రోజుల రికార్డింగ్ ఒకసారి తెప్పించండి

విశాఖపట్నం జిల్లా కలెక్టర్ గారికి నమస్కారం. మా పాటని అడక్కుండా వేసేసుకున్న ఒక లోకల్ కేబుల్ ఛానెల్ గురించి ఈ ఉత్తరం.

మాది కంచరపాలెం. మేడ మీద గదికి కోడిగుడ్ల అట్టలు అతికించి పాటలు రికార్డు చేస్తుంటాను. స్టూడియో అంటే మరీ పెద్ద మాటైపోతుంది, రైలు కూత వినిపిస్తే అందరం ఆగిపోయి మళ్ళీ మొదట్నుంచి తీస్తాం. పోయినేడు విజయనగరం వైపు నుంచి ఒక తప్పెటగుళ్ళ జానపద బృందం వచ్చింది. గుండెల మీద కట్టుకున్న ఆ రేకులు మోగితే మైకు తట్టుకోలేదు, ఎంత దూరం పెట్టినా శబ్దం పగిలిపోయేది. చివరికి మైకు మీద తడి తువ్వాలు కప్పి, గురువుగారిని మాత్రం తలుపు దగ్గర నిలబెట్టి పాడించాం. మూడు రాత్రులు పట్టింది. ఖర్చంతా నాదే.

పోయిన నెల సెలూన్లో గడ్డం గీయించుకుంటుంటే టీవీలో అదే పాట. మొదట సంతోషమే వేసింది, అబద్ధమెందుకు. తర్వాత చూస్తే గురువుగారి పేరు ఉండాల్సిన చోట ఒక నగల దుకాణం బొమ్మ, కింద ఇళ్ల స్థలాల స్క్రోలింగ్. చివర్లో బృందం పేర్లు వచ్చే ముక్క కోసేశారు. అది మా పేటకి వచ్చే లోకల్ కేబుల్ ఛానెల్. పేరు ఇక్కడ రాయను, మీకిచ్చే అర్జీలో రాస్తాను.

ఫోన్ చేస్తే "యూట్యూబ్‌లో పెట్టారు కదండీ, ఎవరైనా వేసుకోవచ్చు" అన్నారు. వీధిలో సైకిల్ నిలబెట్టాను కాబట్టి ఎవరైనా తొక్కుకుపోవచ్చు అన్నట్టుంది. తర్వాత "జానపదం అందరిదీ కదా" అన్నారు. అందులో సగం నిజముంది, ఆ మాటలూ ఆ బాణీ మా తాతల నాటివి, వాటి మీద నాకే హక్కూ లేదు, రేపు వాళ్ళే ఇంకో బృందాన్ని పిలిచి అదే పాట పాడించుకుంటే నేను కిక్కురుమనను. కానీ ఆ మూడు రాత్రుల రికార్డింగ్ మాది. 1957 కాపీరైట్ చట్టం సౌండ్ రికార్డింగ్‌కి విడిగా హక్కు ఇచ్చింది, దానికి రిజిస్ట్రేషన్ కూడా తప్పనిసరి కాదు.

ఇదంతా పాటల గొడవేనా అంటారేమో. అదే ఛానెల్లో రాత్రి తొమ్మిది దాటితే జగదాంబ జంక్షన్లో ఆ వారమే పడిన సినిమా వస్తుంది. హాల్లో ఎవడో ఫోన్‌తో తీసిన ప్రింటు, మధ్యలో పాప్‌కార్న్ పట్టుకుని ఒకాయన అడ్డంగా నడిచి వెళ్తాడు కూడా. ఉత్తరాంధ్ర హక్కులు అప్పు చేసి కొన్న డిస్ట్రిబ్యూటర్ అది చూస్తే ఏమైపోవాలి?

స్టేషన్‌కి వెళ్తే "ఇది సివిల్ మేటర్, కోర్టుకి వెళ్ళండి" అన్నారు. కాదండీ. ఇలాంటి ఉల్లంఘన వారెంటు లేకుండా అరెస్టు చేయదగిన నేరమేనని 2022 మేలో సుప్రీంకోర్టు చెప్పింది. అదే కాపీరైట్ చట్టం సెక్షన్ 63 కింద ఆరు నెలల నుంచి మూడేళ్ళ దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల దాకా జరిమానా. సెక్షన్ 64 ప్రకారం ఎస్సై స్థాయి అధికారి వారెంటు లేకుండానే కాపీలు స్వాధీనం చేసుకోవచ్చు.

మరి మీకెందుకు రాస్తున్నానంటే, 1995 కేబుల్ టీవీ చట్టంలో అధీకృత అధికారి అంటే మొదట మీరే, తర్వాత సబ్‌డివిజనల్ మేజిస్ట్రేట్, పోలీస్ కమిషనర్. హక్కుదారు లైసెన్స్ లేని కార్యక్రమం కేబుల్లో వేయకూడదని ప్రోగ్రాం కోడ్‌లోనే ఉంది, దాన్ని మీరితే పరికరాలు జప్తు చేసే అధికారం మీ చేతిలో ఉంది. కేబుల్ వాళ్ళు సొంతంగా నడిపే ఛానెళ్ళకి కేంద్రం 2022 నవంబరులో మార్గదర్శకాలిచ్చింది. తెర మీద 'ప్లాట్‌ఫామ్ సర్వీసెస్' అని కనబడాలి, వేసిన ప్రతి కార్యక్రమం రికార్డింగ్ 90 రోజులు దాచాలి. మా ఇంటి టీవీలో ఆ మాట ఒక్కనాడూ చూడలేదు. రికార్డింగ్ ఉందో లేదో మీరు అడిగితేనే తెలుస్తుంది, ఉంటే దొంగతనం దొరుకుతుంది, లేకపోతే అదే ఇంకో ఉల్లంఘన.

ఒక్క మనవి. దీని పేరు చెప్పి పెళ్లి బ్యాండ్ల మీదా టీ కొట్ల మీదా పడొద్దని మీ వాళ్ళకి చెప్పండి. పెళ్లి ఊరేగింపులో పాట వేసుకోవడం తప్పు కాదని చట్టమే అంటోంది. లోకల్ ఛానెల్ మూసేయాలని కూడా నేను అనడం లేదు, సింహాచలం చందనోత్సవం మా అమ్మ చూసేది అందులోనే. మమ్మల్ని ఒక్క మాట అడిగి, గురువుగారి పేరు వేసుంటే పైసా తీసుకోకుండా ఇచ్చేవాళ్ళం.

సోమవారం మీరు అర్జీలు తీసుకునే పీజీఆర్‌ఎస్‌కి వస్తున్నాను. సెలూన్లో ఫోన్‌తో తీసిన వీడియో, మా ఒరిజినల్ ఫైలు, రెండూ పెన్‌డ్రైవ్‌లో తెస్తాను. కాస్త తొందరగా చూడండి సార్, ఆ 90 రోజుల్లో ఇప్పటికే 34 అయిపోయాయి.

ఇట్లు,
కంచరపాలెం నుంచి ఒక రికార్డింగ్ గది యజమాని