కొర్ర చేను డాక్యుమెంటరీ: జమా ఖర్చుల వివరణ

దాతలందరికీ నమస్కారం. కొర్రల సాగు, సొంత విత్తనం మీద మీ చందాలతో తీసిన 'కొర్ర చేను' సినిమాను కల్యాణదుర్గం చుట్టుపక్కల పల్లెల్లో చూసినవాళ్లు బాగుందన్నారు, సంతోషం. కెమెరా బాడుగ రెండుసార్లు ఎందుకు, కూలి ఎందుకు, లెక్క చెప్పమన్నవాళ్లూ ఉన్నారు. డబ్బు మీది, అడగాల్సిందే. కాకపోతే గ్రూపులో 'కమిటీ వాళ్లు డబ్బు తిన్నారు' అని రాసేముందు బిల్లుల పుస్తకం ఒకసారి తిరగేసుంటే బాగుండేది.

జమ: పల్లెల చందాలు రూ.61,500. బెంగళూరు, హైదరాబాదులో ఉన్న మనోళ్లు పంపింది రూ.1,04,000. పూర్వ విద్యార్థులు రూ.22,000. అనంతపురంలో కొర్రబియ్యం అంగడి పెడితే మిగిలింది రూ.8,500. మొత్తం రూ.1,96,000. డబ్బుల్లేవని ఒక పడి సద్దలు కొలిచిచ్చిన అవ్వ పేరు కూడా పుస్తకంలో రాసినాం.

ఖర్చు: కెమెరామన్, సౌండ్ మనిషికి రూ.40,000. ఎడిటింగుకు ఇప్పటిదాకా రూ.35,000. డీజిల్ రూ.17,400, భోజనాలు రూ.9,600, హార్డ్ డిస్కులు రూ.11,200, తెర, ప్రొజెక్టర్ బాడుగ రూ.6,000. కూలి రూ.14,400. కెమెరా, మైకుల బాడుగ మొదటిసారి రూ.28,000, రెండోసారి రూ.36,000. మొత్తం రూ.1,97,600.

గొడవంతా ఆ రెండోసారి బాడుగ మీదే. మొదటి విడతలో ఇళ్లల్లో విత్తనం దాచుకునే తీరు, కొర్రన్నం, సంగటి, ఊరిబిండి, పెద్దవాళ్ల మాటలు తీసినాం. గొర్రు కట్టి విత్తేది తీయాలంటే వాన పడల్లగదా! ముంగారు వాన మొహం చాటేసింది. కెమెరా ఊరికే పెట్టుకుంటే రోజుకింత బాడుగ పెరుగుతుంది కాబట్టి వెనక్కి పంపినాం. విత్తేందుకు సరిపడా వాన పడేసరికి శెనక్కాయ అదును దాటిపోయింది. అప్పటికప్పుడు పిలిస్తే రేటు పెంచినారు, బేరమాడే టైం లేదు, నేలలో పదును (విత్తేందుకు కావాల్సిన తడి) రెండు మూడు రోజులకు మించి నిలవదు.

ఇంటర్నెట్లో దొరికే వీడియో ముక్క అతికించుంటే పోయేది కదా అని ఒకాయన సలహా. ఏదో రాష్ట్రంలోని నల్లరేగడిని మన ఎర్రనేల అని చూపిస్తే పల్లెలో పిల్లోడు కూడా నవ్వుతాడు. పైగా సినిమా చెప్పే సంగతే ఆ ఆలస్యంలో ఉంది. శెనక్కాయకు ఎకరాకు 60 కిలోల పైన విత్తనం పప్పు కావాలి. సబ్సిడీ కోసం వరసలో నిలబడాలి, లేదా అప్పు చేయాలి. కొర్రకు 2 కిలోలు చాలు, మూడు నెలల్లో చేతికొస్తుంది. ఆలస్యంగా పడిన ఆ వానకు శెనక్కాయ విత్తలేక చాలా చేన్లు బీడు పడినాయి. ఇంట్లో కొర్రలు, ఉలవలు దాచుకున్నవాళ్లు మాత్రం ఎవర్నీ అడక్కుండా విత్తుకున్నారు. తినేదాన్ని మనమే నిర్ణయించుకునే స్వేచ్ఛ అని మనం మీటింగుల్లో చెప్పేది అదే. సొంత విత్తనం దాచుకునే, పంచుకునే, బ్రాండు పేరు పెట్టకుండా అమ్ముకునే హక్కు 2001 నాటి మొక్కల రకాల రక్షణ, రైతు హక్కుల చట్టంలోనే ఉంది. వాళ్లు విత్తుకునే దృశ్యం లేకుంటే మిగిలేది ఉపన్యాసమే.

కూలి సంగతి. డాక్యుమెంటరీలో కనిపించినందుకు డబ్బులా అని అడిగినారు. కనిపించినందుకు కాదు. 12 మంది ఆడోళ్లు మూడు రోజులు పనికి పోకుండా మాతో ఉన్నారు, మనిషికి రోజుకు రూ.400. కెమెరామన్‌కు ఇచ్చేటప్పుడు ఎవరూ నోరెత్తలేదు మరి.

తరుగు రూ.1,600 కోశాధికారి చేతినుంచి పెట్టినాడు. ఎడిటర్‌కు ఇంకా రూ.10,000 బాకీ, పాపం ఆయన గట్టిగా అడగడం లేదు. ఇస్తామని మైకులో చెప్పి ఇవ్వని చందాలు రూ.27,000 ఉన్నాయి. పేర్లు రాయడం లేదు, వాళ్లకు తెలుసు. అవి వస్తే బాకీలు పోను మిగిలే రూ.15,400తో రాయదుర్గం వైపు పల్లెల్లో సినిమా వేస్తాం. బిల్లులు, కూలి వేలిముద్రల కాగితాలు కోశాధికారి ఇంట్లో ఉన్నాయి. సాయంత్రం ఆరు తర్వాత ఎవరైనా వచ్చి చూసుకోవచ్చు.

– కమిటీ