బావా, సెల్ఫ్ మోటారు విప్పనివ్వకు

పర్లాకిమిడి

ఒరే బావా,

నీ ఉత్తరం అందింది. మీ నాన్నగారి అంబాసిడర్‌ని గుణుపురం ఇంటి షెడ్డులోంచి బయటికి తీశావని చదివి ఎంత సంతోషమేసిందో, ఆ కింది పేరా చదివాక అంత ఒళ్ళు మండింది. తాళం తిప్పితే ఒక్కోసారి ఇంజనుని తిప్పి లేపే సెల్ఫ్ మోటారు తిరుగుతోంది, ఒక్కోసారి ఉలుకూ పలుకూ లేదు. గతుకుల్లో వెళ్తుంటే ఇంజను చటుక్కున ఆగి మళ్ళీ దానంతటదే అందుకుంటోంది. మెకానిక్ వచ్చి బానెట్ ఎత్తి చూసి, సెల్ఫ్ మోటారు పోయింది, మార్చాలి అన్నాడు. నువ్వు సరేనన్నావు!

గతుకులో ఇంజను ఆగిపోవడానికీ సెల్ఫ్ మోటారుకీ ఏం సంబంధంరా? ఇంజను ఒకసారి అందుకున్నాక సెల్ఫ్‌కి పనే లేదు. ఈ రెండు జబ్బులకీ పొత్తు కుదిరే చోటు ముఖ్యంగా తాళం పెట్టే స్విచ్. ఇంజనులో నిప్పురవ్వ పుట్టించే కాయిల్‌కి వెళ్ళే కరెంటూ, సెల్ఫ్‌కి కరెంటు కలిపే సోలినాయిడ్‌ని లేపే కరెంటూ రెండూ దాన్లోంచే పోవాలి. అందుకని నా అనుమానం అంతా దాని మీదే. అయినా అనుమానంతో సామాన్లు కొనకూడదు కాబట్టి, ఎలా తేల్చుకోవాలో రాస్తున్నాను. మోటారు మాత్రం విప్పనివ్వకు.

ముందు బ్యాటరీ. బండి ఆపి కొన్ని గంటలయ్యాక మీటరు పెడితే 12.6 వోల్టులు రావాలి. 12.2 ఉంటే సగమే ఉన్నట్టు, ముందు చార్జింగ్ పెట్టించు. టెర్మినల్స్ మీద పచ్చగా, తెల్లగా పేరుకున్న చిలుముని వేడినీళ్ళతో కడిగి, గరుకు కాగితంతో రుద్ది బిగించు. బ్యాటరీ మైనస్ నుంచి బాడీకి వెళ్ళే ఎర్త్ పట్టీనీ, ఇంజనుకీ బాడీకీ మధ్య ఉండే పట్టీనీ వదలకు. మన వైపు వానలకి సగం బళ్ళు ఆ పట్టీల దగ్గరే కుళ్ళిపోతాయి, జనం మాత్రం కొత్త బ్యాటరీ కొంటారు. అన్నట్టు బాగా పాత కాలం బళ్ళలో ప్లస్‌ని బాడీకి కలిపినవి కూడా ఉన్నాయి. నీది ఏదో ఒకసారి చూసుకుని మొదలుపెట్టు.

తర్వాత పరీక్షకి పైసా ఖర్చు లేదు. చీకటి పడ్డాక బండిని గోడకి ఎదురుగా పెట్టి హెడ్‌లైట్లు వేసి తాళం తిప్పు. ఈ బండిలో హెడ్‌లైట్లకి కరెంటు తాళంతో పని లేకుండా నేరుగా వస్తుంది కాబట్టి మంచి సాక్ష్యం చెబుతాయి. సెల్ఫ్ తిరగకపోగా లైట్లు బాగా గుడ్డిగా అయిపోతే బ్యాటరీయో, టెర్మినలో, లేదంటే మోటారే పట్టేసిందో. లైట్లు పూర్తిగా ఆరిపోతే ఎక్కడో పెద్ద కనెక్షన్ వదులు. లైట్లు ఏమాత్రం చలించకుండా వెలుగుతూనే ఉండి సెల్ఫ్ మాత్రం పలకలేదనుకో, చాలావరకు తాళం ఇచ్చిన కబురు సోలినాయిడ్‌కి చేరలేదన్నమాట. నీ ఉత్తరాన్ని బట్టి నీది మూడోదే అనిపిస్తోంది.

ఆ మీదట సోలినాయిడ్ దగ్గరికి వెళ్ళు. పాత పెట్రోల్ అంబాసిడర్‌లో అది మోటారు మీద కాకుండా విడిగా ఉంటుంది. రెండు లావు బోల్టులు, ఒక చిన్న టెర్మినల్. గేరు న్యూట్రల్‌లో పెట్టు, హ్యాండ్ బ్రేకు లాగు, చేతికున్న ఉంగరం తీసి జేబులో వేసుకో. ఉంగరం బ్యాటరీ ప్లస్‌కీ బాడీకీ మధ్య పడితే వేలు కాలిపోతుంది, వేళాకోళం కాదు. మధ్యలో 15 యాంపియర్ల ఫ్యూజు కలిపిన వైరు ముక్కతో బ్యాటరీ ప్లస్ నుంచి ఆ చిన్న టెర్మినల్‌కి తాకించు. సెల్ఫ్ గిర్రున తిరిగితే బ్యాటరీ, సోలినాయిడ్, మోటారు మూడూ నిర్దోషులే. తిరగకపోతే అప్పుడు మీ మెకానిక్ మాట విందాం. అప్పుడైనా మొత్తం మోటారు మార్చక్కర్లేదు, ముందు దాని లోపలి కార్బన్లు (బ్రష్‌లు) చూడమను.

ఇక స్విచ్. జాగ్రత్తగా చదువు, అందరూ బోల్తా పడేది ఇక్కడే. చాలామంది స్విచ్ వెనక మీటరు పెట్టి, తాళం తిప్పి, 12 వోల్టులు వచ్చాయి కాబట్టి స్విచ్ బాగుందని తేల్చేస్తారు. మీటరు లాగే కరెంటు లెక్కలోకి రానంత తక్కువ. మాడి మసిబారిన కాంటాక్టు వెంట్రుకవాసి దారి ఇచ్చినా మీటరు 12 చూపించేస్తుంది. అదే కాంటాక్టు మీద నిజంగా బరువు పెడితే చేతులెత్తేస్తుంది. అందుకే నేను పాత ఇండికేటర్ హోల్డరుకి 21 వాట్ల బల్బు వేసి టెస్ట్ ల్యాంపుగా వాడతాను. అది ఒకటిన్నర యాంపియర్లకి పైనే లాగుతుంది. స్విచ్ నుంచి బయటికి వచ్చే వైరుకీ బాడీకీ మధ్య ఆ బల్బు తగిలించి తాళం తిప్పు. బల్బు నిండుగా వెలగాలి. తాళంచెవిని అటూ ఇటూ మెల్లగా కదుపు. మిణుకుమిణుకుమందా, దొంగ దొరికినట్టే.

అంకెల్లో కావాలంటే బల్బు వెలుగుతుండగానే మీటరు రెండు ముళ్ళనీ స్విచ్ లోపలికి వచ్చే టెర్మినల్ మీద ఒకటి, బయటికి పోయే టెర్మినల్ మీద ఒకటి పెట్టు. మంచి స్విచ్ అయితే సున్నాకి దగ్గరగా ఉంటుంది. 0.2 వోల్టులు దాటితే అనుమానించు. ఒకటీ, రెండూ అలా చూపిస్తే ఆ వోల్టులన్నీ స్విచ్ లోపలే వేడిగా మారి వృథా అవుతున్నట్టు. కాయిల్‌కి పదిన్నరే అందుతుంటే ఇంజను గతుకులో ఆగక ఏం చేస్తుంది? ఒక హెచ్చరిక: ఇంజను తిరగకుండా తాళం ఆన్‌లో ఎక్కువసేపు ఉంచకు. పాయింట్లు, అంటే కాయిల్ కరెంటుని కలిపి విడదీసే కాంటాక్టులు, మూసుకుని ఉంటే కాయిల్ నాలుగు యాంపియర్ల దాకా లాగుతూ కాలిపోయేలా వేడెక్కుతుంది.

నా బండి సంగతి నీకు తెలుసుగా, ఇక్కడ ఇంకా గజపతి జిల్లా లేనప్పుడు, అంటే 1992కి ముందు, బరంపురంలో రిజిస్టరైన 1489 సీసీ పెట్రోల్ బండి. దానికీ ఇదే రోగం వచ్చింది. డాష్‌బోర్డు కింద తల పెట్టి చూస్తే కడుపు తరుక్కుపోయింది. నాకు ముందు దాన్ని వాడినాయన మహేంద్రగిరి ఘాట్‌లో మంచు పడుతుందని రెండు 55 వాట్ల ఫాగ్ ల్యాంపులు పెట్టించాడు. వాటితో పాటు జోడు హారన్లు, ఫ్యాను, స్టీరియో. అన్నిటికీ కరెంటు తాళం స్విచ్ నుంచి వచ్చే ఒకే ఒక తెల్ల వైరు నుంచి, ముడి మీద ముడేసి టేపు చుట్టి. ఫాగ్ ల్యాంపులే తొమ్మిది యాంపియర్లు లాగుతాయి. కాయిల్ కోసం, మీటర్ల కోసం పెట్టిన స్విచ్ కాంటాక్టు ఆ మోతకి మాడకుండా ఎలా ఉంటుంది? స్విచ్ విప్పితే వెనక ఉన్న అట్ట గోధుమరంగులోకి తిరిగిపోయి, తెల్ల వైరు చివర లగ్గు (బిగించే రేకు ముక్క) దగ్గర పై తోలు గట్టిపడి చిట్లిపోయి ఉంది. కొత్త స్విచ్ ఒక్కటీ వేసి ఊరుకుంటే అదీ అలాగే పోతుంది. అందుకే నీకు చెప్పేదేమిటంటే, స్విచ్ ఎందుకు మాడిందో తెలిసేదాకా కొత్తది బిగించకు. మీ నాన్నగారికి పాత పాటల పిచ్చి ఎంత ఉండేదో నాకు తెలుసు, ఆ స్టీరియో కరెంటు ఎక్కణ్ణించి లాగారో ముందు చూడు.

విప్పే ముందు బ్యాటరీ మైనస్ తీసెయ్. ఇది మొక్కుబడికి చెప్పే మాట కాదు. ఆ బండిలో బ్యాటరీ నుంచి స్విచ్‌కి వచ్చే లావు గోధుమరంగు వైరుకి ఫ్యూజే లేదు. అది జారి డాష్‌బోర్డు రేకుకి తగిలిందంటే క్షణంలో వైరు ఎర్రగా కాలి పక్క వైర్లని కూడా కలిపేస్తుంది. ముందుగా ఏ వైరు ఏ టెర్మినల్‌కి ఉందో కాగితం మీద బొమ్మ గీసుకుని, ఫోన్‌తో ఫొటో కూడా తీసుకో. స్విచ్ ముందున్న రింగు నట్టు తిప్పితే వెనక్కి జారి బయటికొస్తుంది.

మన అంబాసిడర్ ఇంగ్లండు మోరిస్ ఆక్స్‌ఫర్డ్ సీరీస్ 3 నుంచి పుట్టింది కదా, వైర్ల రంగులు కూడా ఇంగ్లండు ఎలక్ట్రికల్ కంపెనీ లూకాస్ పద్ధతిలోనే ఉంటాయి. గోధుమరంగు ఎప్పుడూ కరెంటు ఉండేది. తెల్లది తాళం ఆన్ చేస్తే వచ్చే ఇగ్నిషన్. తెలుపు మీద ఎర్ర చార ఉన్నది సెల్ఫ్ సోలినాయిడ్‌కి. ఆకుపచ్చవి ఫ్యూజు దాటి వైపర్, ఇండికేటర్లకి వెళ్ళేవి. నల్లది ఎర్త్. ఇదంతా బండి ఫ్యాక్టరీలోంచి వచ్చిన రోజు మాట. నీ బండి వయసుకి ఎంతమంది ఎలక్ట్రీషియన్లు చెయ్యి పెట్టారో, అన్నీ ఎర్ర వైర్లే కనిపించినా ఆశ్చర్యపోకు. అలాగైతే రంగులు మరిచిపో. వైర్లన్నీ విడివిడిగా, దేనికీ తగలకుండా ఉంచి బ్యాటరీ తగిలించు. తాళంతో పని లేకుండా టెస్ట్ బల్బు వెలిగించేది గోధుమరంగు వైరు స్థానంలోది. ఫ్యూజు ఉన్న ముక్కతో దాని నుంచి ఒక్కో వైరుకి తాకించు. మీటర్లో ఎర్ర చార్జింగ్ లైటు వెలిగి పెట్రోల్ ముల్లు లేస్తే అది ఇగ్నిషన్. ముట్టుకోగానే సెల్ఫ్ కదిలితే అది సోలినాయిడ్. గేరు న్యూట్రల్‌లో ఉందో లేదో మళ్ళీ చూసుకో.

కొత్త స్విచ్ వెనక అక్షరాలో అంకెలో ఉంటాయి, కానీ లోకల్ సరుకు మీద రాసినదాన్ని నమ్మను. చేతిలో ఉండగానే మీటరుని కంటిన్యుటీలో (రెండు చోట్ల మధ్య దారి ఉందో లేదో చూపేదాన్లో) పెట్టి చూడు. తాళం ఆన్‌లో ఏ రెండు కలుస్తున్నాయి, స్టార్ట్‌కి నొక్కితే ఏది అదనంగా కలుస్తోంది, వదలగానే విడిపోతోందా. స్టార్ట్ నొక్కి ఉంచినప్పుడు ఇగ్నిషన్ కూడా కలిసే ఉండాలి. లేకపోతే సెల్ఫ్ తిరుగుతుంది, ఇంజను అందుకోదు, తాళం వదిలే క్షణంలో ఒక్కసారి అందుకున్నట్టు అనిపిస్తుంది. కొత్తదే కదా అని చూడకుండా బిగిస్తే రోజంతా బుర్ర పాడు.

వైర్ల చివర్లు నల్లబడి ఉంటే మంచి రాగి కనిపించేదాకా కత్తిరించి కొత్త లగ్గులు వెయ్యి. లగ్గుని సరైన పట్టకారుతో నొక్కాలి, పళ్ళతోనో కటింగ్ ప్లేయర్‌తోనో కాదు. పైన స్లీవ్ తొడిగి వేడి చెయ్యి. టేపు వేసవికి జిగురు కారి ఊడిపోతుంది. కాయిల్ పక్కన పింగాణీ రెసిస్టరు కనిపిస్తే దాన్ని పక్కకి నెట్టి నేరుగా వైరు లాగకు, ఆ కాయిల్‌కి అది ఉండి తీరాలి.

అదనపు లైట్లు, హారన్లు ఉంటే వాటికి రిలేలు, అంటే చిన్న కరెంటుతో పెద్ద కరెంటుని కలిపే స్విచ్‌లు, పెట్టు. నాలుగు కాళ్ళ 12 వోల్టుల రిలే చాలు. 30 అని ఉన్నదానికి బ్యాటరీ నుంచి ఫ్యూజు ద్వారా లావు వైరు, 87 నుంచి లైట్లకి, 85 బాడీకి, 86కి స్విచ్ నుంచి వచ్చే సన్న వైరు. అప్పుడు స్విచ్ మీద పడే బరువు యాంపియర్‌లో చిన్న భాగమే, మోత అంతా రిలే మోస్తుంది. నా బండిలో ఇలా మార్చాక తాళం దగ్గర వేడి అన్నది లేదు.

పాత స్విచ్‌ని విప్పి, లోపలి కాంటాక్టులు రుద్ది, వాజిలిన్ రాసి మళ్ళీ బిగించేవాళ్ళూ ఉన్నారు. ఊరు దాటి ఇల్లు చేరడానికి పనికొస్తుంది. అంతకు మించి దాని మీద నాకు నమ్మకం లేదు, స్ప్రింగు మెత్తబడిపోయాక ఎంత రుద్దినా పట్టు రాదు. 2014లో అంబాసిడర్ తయారీ ఆపేసినా ఇలాంటి సామాన్లు ఇంకా దొరుకుతున్నాయి. ఇక్కడ లేకపోతే బరంపురంలో అడుగుదాం. ఇంకొకటి, మీ నాన్నగారి తాళాల గుత్తి నాకు కళ్ళకి కట్టినట్టుంది. ఇంటివి, గోదాంవి, బీరువావి అన్నీ దానికే. అంత బరువు వేలాడుతూ ఊగితే తాళం బొర్ర అరగదూ? కారు తాళం విడిగా పెట్టు.

వచ్చే ఆదివారం గుణుపురం రైలెక్కి వస్తాను. మీటరు, రిలేలు, లగ్గులు నేను తెస్తా. ఆ లోపు హెడ్‌లైట్ల పరీక్ష చేసి ఏమైందో ఫోన్ చెయ్, దాన్ని బట్టి స్విచ్ ఇక్కడే కొనాలా వద్దా తేలుస్తా. బ్యాటరీ చార్జింగ్‌కి ఇవ్వడం మరిచిపోకు. పిన్నిగారికి నమస్కారాలు చెప్పు, మధ్యాహ్నానికి ఏం వండినా పర్లేదు గానీ కారం కాస్త తగ్గించమను.

నీ
బావ