డాలెక్ లోపలి మనిషి

చిట్టితల్లీ,

పిల్లల ప్రోగ్రాంలో ఎలుగుబంటి వేషం వచ్చిందని చెప్తూనే, "ముఖం కనబడదు, గొంతూ నాది కాదు, ఇది కూడా ఒక నటనేనా నాన్నా" అన్నావు. ఫోన్‌లో సరిగ్గా చెప్పలేకపోయాను, అందుకే రాస్తున్నా.

జాన్ స్కాట్ మార్టిన్ అని ఒకాయన ఉండేవాడు. 1926లో లివర్‌పూల్‌లో పుట్టాడు. పేరు చెబితే ఇంగ్లండ్‌లోనే చాలామందికి తెలియదు. బీబీసీలో 1963లో మొదలైన 'డాక్టర్ హూ' అనే సైన్స్ ఫిక్షన్ సీరియల్లో డాలెక్‌లని, లోహపు గుల్లల్లాంటి యంత్రాల్లో తిరిగే గ్రహాంతర శత్రువులుంటాయి. ఆయన ముందు అందులోనే జార్బీ అనే రాక్షస చీమ వేషం కట్టాడు. ఆ తర్వాత 1965 నుంచి 1988 దాకా డాలెక్‌ల లోపల కూర్చుని వాటిని నడిపాడు.

నడపడమంటే బటన్ నొక్కడం కాదమ్మా. లోపల చిన్న సీటు, కింద చక్రాలు. కూర్చున్నవాడే కాళ్ళతో తోసుకుంటూ పోవాలి. ఒక చేత్తో తుపాకీ, ఇంకో చేత్తో ముందుకు పొడుచుకొచ్చిన గొట్టం కదపాలి, తలనీ కంటినీ తిప్పాలి. బయటికి చూడ్డానికి మెడ దగ్గరున్న జాలీ ఒక్కటే దిక్కు. గొంతు వేరేవాళ్ళది. మొదట్లో పీటర్ హాకిన్స్, డేవిడ్ గ్రాహం, తర్వాత రాయ్ స్కెల్టన్ మైకు ముందు మాట్లాడేవాళ్ళు. కానీ మాటతోపాటు తలమీద వెలిగి ఆరే దీపాల స్విచ్ లోపలివాడి చేతిలో ఉండేది. లయ తప్పితే ఏ డాలెక్ మాట్లాడుతోందో చూసేవాళ్ళకి తెలిసేది కాదు. అందుకని, తన గొంతు ఎవరికీ వినబడకపోయినా, ఆ డైలాగులన్నీ ఆయనకు నోటికి వచ్చి ఉండాల్సిందే. నాకు ఆయన మీద గౌరవం కలిగింది ఇక్కడే.

ఉద్యోగం మీద నేను లీడ్స్‌లో ఉన్నప్పుడు, 1988 అక్టోబరులో, ఇంటి ఓనరావిడ హాల్లో కూర్చుని ఆ సీరియల్ చూశాను. డాలెక్‌లు మెట్లెక్కలేవని అక్కడి పిల్లలకు ఎన్నేళ్ళ నుంచో ధైర్యం. ఆ రోజు ఒకటి మెట్ల మీదుగా తేలుతూ పైకొచ్చేసింది. ఓనరావిడ మనవడు కెవ్వుమని ఆవిడ ఒళ్ళో దూరాడు. ఆ కథలో డాలెక్‌లను నడిపిన నలుగురైదుగురిలో ఈయనా ఉన్నాడు. అప్పటికి సీరియల్లో హీరోలు ఏడుగురు మారారు, ఈయన్ని మాత్రం పిలుస్తూనే ఉన్నారు. 2009లో పోయాడు.

నువ్వు పంపిన వీడియోలో ఎలుగుబంటి తేనెపట్టు చూసి ఆగింది, తల కాస్త వంచింది, ఆ తర్వాతే అడుగేసింది. మీ అమ్మ "ఇది మన పిల్లే" అని టక్కున పట్టేసింది. చిన్నప్పుడు బీరువా మీది జంతికల డబ్బా కేసి నువ్వు అలాగే చూసేదానివి. మిగతా యూనిట్‌లో ఇంకెవరైనా ఆ వేషం వేసుకుంటే అలా ఆగేవాళ్ళా చెప్పు?

డబ్బింగ్ చెప్పే అమ్మాయి దగ్గర డైలాగులు ముందే అడిగి తీసుకో, నోటికి వచ్చేదాకా చదువు. షాట్‌కీ షాట్‌కీ మధ్య ఆ తలకాయ తీయించుకుని మజ్జిగ తాగు, మొహమాటపడకు. లోపల వేడికి కళ్ళు తిరుగుతాయి. ఎపిసోడ్ ఏ రోజు వేస్తారో ముందే చెబితే మీ అత్తయ్యావాళ్ళని కూడా రమ్మంటాను.

నాన్న